యూరిన్‌లో ప్రోటీన్: స్ట్రిప్పా, 24 గంటల క్యానా, పొద్దుటి శాంపిలా?

మా అమ్మకి పన్నెండేళ్లుగా షుగర్. ఏడాదికోసారి విజయవాడ సూర్యారావుపేటలో ఒక ల్యాబ్‌కి వెళ్లి రక్తం, మూత్రం ఇచ్చి వస్తాం. రిపోర్టులో "అల్బుమిన్: నిల్" అని ఉంటే చాలు, కిడ్నీలకి ఢోకా లేదనుకుని ఆ కాగితం మడిచి బీరువాలో పెట్టేవాళ్లం. అలా నాలుగేళ్లు గడిచాయి. ఐదో ఏడు వేరే డాక్టర్ దగ్గరికి వెళ్తే, ఆవిడ ఫైలంతా తిరగేసి, "వీటిలో ఏసీఆర్ ఏదమ్మా?" అని అడిగారు. ఆ పేరు మేం అప్పుడే విన్నాం. మూత్రంలో ఒక గ్రాము క్రియాటినిన్‌కి (కండరాల నుంచి వచ్చే వ్యర్థం) అల్బుమిన్ అనే ప్రోటీన్ ఎన్ని మిల్లీగ్రాములుందో చెప్పే లెక్క అది. చేయిస్తే 140 వచ్చింది. 30 లోపు ఉండాల్సింది.

నాలుగేళ్లు నిల్ అన్న మూత్రంలో 140 ఎక్కడి నుంచి వచ్చిందని నాకు చాలా రోజులు నిద్ర పట్టలేదు. తెలుసుకున్నాక అర్థమైంది: ల్యాబ్ తప్పు చేయలేదు. మేం చేయించిన స్ట్రిప్ పరీక్షకి అంత చూపు లేదు.

ముందు స్ట్రిప్ సంగతి. టెక్నీషియన్ ఆ ప్లాస్టిక్ పుల్లని మూత్రంలో ముంచి, అంచుని సీసాకి తాకించి బొట్టు రాల్చి, డబ్బా మీదున్న రంగులతో పక్కపక్కన పెట్టి చూస్తాడు. ప్రోటీన్ గడి పసుపుగా ఉంటే నిల్, ఆకుపచ్చకి తిరిగేకొద్దీ ప్లస్‌లు. ఒక ప్లస్ అంటే 100 మిల్లీలీటర్లలో సుమారు 30 మిల్లీగ్రాములు, మూడు ప్లస్‌లంటే 300. చవక, నిమిషంలో అయిపోతుంది. కానీ అది చూసేది చిక్కదనాన్ని. మే నెలలో బెజవాడ ఎండకి చెమటోడ్చి, నీళ్లు తాగక ముదురు పసుపుగా వచ్చిన మూత్రంలో ఏమీ లేకపోయినా "ట్రేస్" కనబడొచ్చు. రెండు గ్లాసుల మజ్జిగ తాగి వెళ్తే ఉన్నది కూడా పలచబడి నిల్ అవుతుంది. అమ్మ లెక్కే చూడండి: 140 అంటే, మామూలు చిక్కదనం ఉన్న మూత్రంలో 100 మిల్లీలీటర్లకి 14 మిల్లీగ్రాముల అల్బుమిన్. స్ట్రిప్ రంగు మారడానికి అది చాలదు. పైగా స్ట్రిప్ ముఖ్యంగా పట్టేది అల్బుమిన్‌నే. మల్టిపుల్ మైలోమా అనే ఎముక మజ్జ క్యాన్సర్‌లో మూత్రంలోకి వచ్చే ప్రోటీన్ వేరే రకం, దాన్ని దాదాపు వదిలేస్తుంది.

అలాగని స్ట్రిప్ పనికిరాదని కాదు. పొద్దున లేవగానే కళ్ల చుట్టూ వాపుతో కనిపించే, నెఫ్రోటిక్ జబ్బు (మూత్రంలో ప్రోటీన్ బాగా పోయే కిడ్నీ జబ్బు) ఉన్న పిల్లల ఇంట్లో దాన్ని మించింది లేదు. ఆ తల్లులు రోజూ ఉదయం ముంచి చూసి నోటుపుస్తకంలో ప్లస్‌లు రాసుకుంటారు. వరసగా మూడు రోజులు మూడు ప్లస్‌లొస్తే జబ్బు తిరగబెట్టిందని డాక్టర్‌కి ఫోన్ చేస్తారు. గర్భిణులకి నెలనెలా చూసేదీ ఇదే. ఇరవై వారాలు దాటాక బీపీ 140/90కి చేరి, ప్లస్ కూడా కనబడితే మర్నాటిదాకా ఆగకూడదు, అదే రోజు ఆసుపత్రికి వెళ్లాలి.

ఇక 24 గంటల క్యాన్. ఒకప్పుడు దీన్నే అసలైన కొలత అనేవాళ్లు. అమ్మకి 140 వచ్చాక చుట్టాల్లో ఒకాయన "రోజంతా పట్టిస్తేనే నిజం తెలుస్తుంది" అనడంతో అదీ చేశాం. పొద్దున లేచాక మొదటిసారి వచ్చింది పారబోయాలి. అక్కణ్ణుంచి ప్రతి బొట్టూ క్యాన్‌లో పోసి, మర్నాడు అదే టైముకి వచ్చేది కూడా కలిపి ఆపాలి. మేం చేసిందేమిటి? మొదటిదీ పోశాం. మధ్యాహ్నం గుంటూరులో పెళ్లి, అమ్మ వెళ్లక తప్పలేదు. "కల్యాణమండపంలోకి క్యాన్ ఎలా తీసుకెళ్తానురా" అంది, నిజమే కదా. క్యాన్ బాత్‌రూమ్‌లో మూల వేడికి అలాగే ఉండిపోయింది. రిపోర్ట్ చూసిన డాక్టర్ క్యాన్‌లో మొత్తం క్రియాటినిన్ ఎంతుందో చూసి, "రోజంతటిది లేదమ్మా ఇందులో" అని పక్కన పెట్టేశారు. ఇందులో పట్టడమే అసలు కష్టం. ఒక్కసారి మర్చిపోతే లెక్కంతా పోతుంది. రోజుకి మూడున్నర గ్రాములు దాటి పోతోందా లేదా తేల్చాల్సినప్పుడో, మిగతా లెక్కల మీద అనుమానం ఉన్నప్పుడో నెఫ్రాలజిస్ట్ అడిగితే తప్పక చేయించండి, కానీ ఆ రోజు ఏ పనీ పెట్టుకోకుండా ఇంట్లోనే ఉండండి.

నా ఓటు మాత్రం పొద్దుటి శాంపిల్‌కే. లేవగానే వచ్చిన మూత్రం చిన్న సీసాలో ఇస్తే చాలు. అందులో అల్బుమిన్ ఎంతో, క్రియాటినిన్ ఎంతో రెండూ కొలిచి నిష్పత్తి చెప్తారు, అదే ఏసీఆర్. కండరాల నుంచి క్రియాటినిన్ రోజూ దాదాపు ఒకే లెక్కలో వస్తుంది. మీరు నీళ్లెక్కువ తాగితే రెండూ కలిసి పలచబడతాయి, తక్కువ తాగితే రెండూ చిక్కబడతాయి, నిష్పత్తి మారదు. గ్రాము క్రియాటినిన్‌కి 30 మిల్లీగ్రాముల లోపైతే మంచిది. 30 నుంచి 300 మధ్య ఉంటే కిడ్నీ వడపోత దెబ్బతినడం మొదలైందని అనుమానించాలి, 300 దాటితే బాగా దెబ్బతిన్నట్టే. గుండెపోటు, పక్షవాతం ముప్పు కూడా ఈ అంకెతో పాటే పెరుగుతుంది. అందుకే టైప్ 2 షుగర్ ఉన్నవాళ్లు జబ్బు బయటపడ్డ రోజు నుంచే ఏడాదికోసారి చేయించుకోవాలి. గర్భిణులకి, అల్బుమిన్ కాక వేరే ప్రోటీన్ అనుమానం ఉన్నవాళ్లకి ఇదే పద్ధతిలో మొత్తం ప్రోటీన్ కొలిచే పీసీఆర్ (ప్రోటీన్-క్రియాటినిన్ నిష్పత్తి) రాస్తారు.

దీనికీ లోపముంది. బాగా సన్నబడ్డ ముసలివాళ్లలో క్రియాటినిన్ తక్కువ కాబట్టి అంకె ఉన్నదానికంటే పెద్దదిగా కనిపిస్తుంది. జ్వరం, మూత్రంలో ఇన్‌ఫెక్షన్, ముందురోజు జిమ్‌లో గట్టి కసరత్తు, ఆడవాళ్లకి నెలసరి, ఇవన్నీ తాత్కాలికంగా పెంచుతాయి. ఒక్కసారి ఎక్కువొచ్చిందని టెన్షన్ పడొద్దు. మూడు నుంచి ఆరు నెలల్లో మూడుసార్లు చేయించి, రెండుసార్లు ఎక్కువ వస్తేనే ఉన్నట్టు లెక్క.

ఇంకో మాట, ఇది మా ఇంట్లోనే జరిగింది. ప్రోటీన్ పోతోందనగానే అమ్మ పప్పు, గుడ్డు మానేసింది, "తిన్నదే పోతోందేమో" అని. తిన్న పప్పు నేరుగా మూత్రంలోకి రాదు, పోయేది రక్తంలోని అల్బుమిన్. ఎంత తినాలో డాక్టర్ చెప్పాలి కానీ, మనమే మానేస్తే నీరసం తప్ప మిగిలేదేమీ ఉండదు. అమ్మకి పని చేసింది షుగర్, బీపీ కట్టడి, ఉప్పు తగ్గించడం, పేరు చివర "సార్టాన్" ఉండే బీపీ మాత్ర. ఆరు నెలలకి 140 కాస్తా 62కి దిగింది.

ఇన్ని చెప్పినా, ప్రోటీన్ లేనంత మాత్రాన కిడ్నీ బాగున్నట్టు కాదు. మన జిల్లాలోనే ఎ.కొండూరు తండాల్లో, అటు శ్రీకాకుళం జిల్లా ఉద్దానంలో ఎంతమంది డయాలసిస్ దాకా వెళ్లారో చూస్తున్నాం. కారణం తేలని అలాంటి జబ్బుల్లో చాలాకాలం మూత్రంలో ప్రోటీన్ పెద్దగా కనబడదు. అందుకని ఏసీఆర్ రాయించుకునేటప్పుడు అదే చీటీ మీద రక్తంలో క్రియాటినిన్, దాంతో లెక్కకట్టే ఈజీఎఫ్‌ఆర్ (కిడ్నీలు ఎంత బాగా వడకడుతున్నాయో చెప్పే అంకె) కూడా రాయమని అడగండి. సూది ఒక్కటే, ల్యాబ్‌కి వెళ్లేదీ ఒక్కసారే.