బొగ్గుల గ్రిల్: పెత్తనమంతా కింది వెంట్‌దే

మూత ఉన్న గుండ్రటి బొగ్గుల గ్రిల్ ఏళ్ల తరబడి వాడుతున్నాను. జాలీ మార్చాల్సి వచ్చింది, చక్రాలు లొడలొడలాడుతున్నాయి, తొట్టి మాత్రం చెక్కుచెదరలేదు. కొనాలా అంటే కొనమనే చెబుతాను. అయితే కొనేవాళ్లు జాలీ సైజూ, మూత మీది థర్మామీటరూ చూస్తారు. అసలు చూడాల్సింది అడుగున ఉండే గాలి వెంట్, అంటే మీటతో తెరిచి మూసే గాలి రంధ్రం. అది సాఫీగా జరగాలి, పూర్తిగా మూసుకోవాలి. మూత సరిగ్గా కూర్చోని గ్రిల్ ఊరికే ఇచ్చినా వద్దు.

బొగ్గు ఎంత పోశామన్నదాని కన్నా దానికి ఎంత గాలి అందుతోందన్నదే ముఖ్యం. నేను మూత మీది పై వెంట్ తెరిచే ఉంచి, సెగంతా కిందిదాంతోనే నడుపుతాను. పైది బిగిస్తే పొగ లోపలే మగ్గి ముక్కకు చేదు పడుతుంది. కింది వెంట్ జరిపాక కాసేపు ఆగాలి, సెగ వెంటనే మారదు. ఆలోగా మళ్లీ మళ్లీ కదిపితే ఎటూ కుదరదు. మాటిమాటికీ మూత తీసి చూడ్డమూ అంతే. లోపలి వేడి పోతుంది, నిప్పులేమో గాలి తగిలి ఇంకా రేగుతాయి.

రాజేయడానికి చిమ్నీ స్టార్టర్‌ను, అంటే బొగ్గు నింపి అంటించే పిడి ఉన్న ఇనుప గొట్టాన్ని, మించింది లేదు. అడుగున కాగితం, పైన బొగ్గు. పావుగంట, ఇరవై నిమిషాల్లో పై వరుసకు నివురు పడుతుంది. అప్పుడు కుమ్మరించాలి. కిరోసిన్ లాంటివి పోసి అంటించే పద్ధతి నాకు నచ్చదు, ఆ కంపు ముక్కలదాకా వస్తుంది.

నిప్పులన్నీ ఒక పక్కకే పోసి రెండో పక్క ఖాళీగా వదులుతాను. దీని విలువ చికెన్ తొడలు కాల్చేటప్పుడు తెలుస్తుంది. చర్మం కిందికి ఉండేలా నిప్పుల మీద పెట్టగానే కొవ్వు కరిగి చుక్కలు చుక్కలుగా పడుతుంది, పడ్డచోటల్లా భగ్గుమంటుంది. నీళ్లు చల్లారో, బూడిద లేచి ముక్కలన్నిటికీ అంటుకుంటుంది. పటకారుతో వాటిని ఖాళీ పక్కకు లాగి మూత పెట్టేస్తే గాలి తగ్గి మంట దానంతటదే అణుగుతుంది. పై వెంట్ ముక్కల వైపు ఉండేలా మూత తిప్పితే పొగ వాటి మీదుగా వెళ్తుంది. ఉడికిందో లేదో గుచ్చే థర్మామీటరుతో చూడాలి, కోడిమాంసం లోపల 74 డిగ్రీల సెల్సియస్ రావాలి. మూత మీది థర్మామీటరు చూపించేది పైన ఉన్న గాలి వేడిని. జాలీ దగ్గర సంగతి వేరు. నా దృష్టిలో అది అలంకారం.

బొగ్గు విషయానికొస్తే, కర్రబొగ్గు త్వరగా అంటుకుని గట్టి సెగ ఇస్తుంది, అంతే త్వరగా అయిపోతుంది. చేపలకు, కూరగాయలకు అది సరిపోతుంది. గంట దాటే వంటకు బ్రికెట్లే (బొగ్గుపొడిని అచ్చుపోసిన ముద్దలు) నయం, సెగ ఒకే తీరున ఉంటుంది.

నా ఫిర్యాదల్లా బూడిద గిన్నె గురించే. మరీ చిన్నది. వంట సగంలో సెగ పడిపోతే బొగ్గు అయిపోయిందనుకుంటాం, తీరా చూస్తే బూడిద పేరుకుని కింది వెంట్ మూసుకుపోయి ఉంటుంది. వెంట్ మీట రెండుసార్లు అటూ ఇటూ తిప్పితే నిప్పులు మళ్లీ కణకణలాడతాయి. బూడిదను తొట్టిలోనే వదిలేస్తే చెమ్మ పీల్చుకుని తుప్పు పట్టిస్తుంది, కానీ తీసెయ్యాలని తొందరపడకూడదు. మర్నాటికి కూడా అడుగున నిప్పు ఉండొచ్చు. మూతున్న ఇనుప డబ్బాలోకే ఎత్తుతాను. ఇంట్లోగానీ, మూసి ఉన్న బాల్కనీలోగానీ దీన్ని వెలిగించనే కూడదు. కార్బన్ మోనాక్సైడ్‌కు వాసన ఉండదు.

వంటయ్యాక రెండు వెంట్లూ మూసేస్తే నిప్పులు ఆరిపోయి బోలెడు బొగ్గు మిగులుతుంది. బాగా దులిపి, తర్వాతిసారి కొత్త బొగ్గుతో కలిపి వాడుకుంటాను.