ఎనిమిది చక్రాల ఉభయచర బండి: నాలుగేళ్ల వాడకం తర్వాత

నేల మీద, నీటి మీద నడిచే ఎనిమిది చక్రాల బండిని నాలుగేళ్లుగా దారీతెన్నూ లేని చిత్తడి నేలల్లో నడుపుతున్నాను. కొనేముందు నా ధ్యాసంతా అది ఎలా తేలుతుందన్న దానిపైనే ఉండేది. ఇప్పుడు ఎవరైనా సలహా అడిగితే, ఒడ్డెక్కాక దానికి ఎంత సమయం కేటాయించగలరని ఎదురు ప్రశ్న వేస్తున్నాను.

తేలడంలో పెద్ద వింతేమీ లేదు. తొట్టిలాంటి పాలిథిలిన్ బాడీ, గాలి నిండిన టైర్లు కలిసి బండిని నీటిపై నిలబెడతాయి. తిరుగుతున్న టైర్ల మీది గాడులే తెడ్లలా నీటిని వెనక్కి నెడతాయి కనుక వేగం గంటకు 4, 5 కిలోమీటర్లకు మించదు. ఎదురుగాలి వీస్తే అదీ ఉండదు. పారే ఏటిలోకి దీన్ని నమ్ముకొని దిగకూడదు.

దీని సత్తా తెలిసేది బురదలోనే. కారు టైర్లలో గాలి ఒత్తిడి 30 పీఎస్ఐకి (ఒత్తిడి కొలమానం) అటూఇటూగా ఉంటే, వీటిలో 3 నుంచి 5 మాత్రమే ఉంటుంది కాబట్టి బరువంతా పరుచుకుపోతుంది. నా బూట్లు చీలమండ దాకా దిగబడిన చోట ఇది గడ్డిని వంచి వెళ్లిపోయింది. అయితే వేరే సస్పెన్షన్ లేదు. రాళ్ల మీద గంటసేపు నడిపితే ఆ సంగతి నడుముకు తెలుస్తుంది. మలుపు తిరగాలంటే ఒక పక్క చక్రాలకు బ్రేకు పడాలి, అందువల్ల గట్టి నేలపై పదేపదే తిప్పితే బ్రేకులు వేడెక్కుతాయి, టైర్లు అరిగిపోతాయి. షెర్ప్ వంటి పెద్ద ఉభయచర బండ్లలో ఎగ్జాస్ట్‌తోనే టైర్లు నింపుకొనే ఏర్పాటుంది. నేను మాత్రం చేతిపంపు మోసుకెళ్లాలి.

రెండో ఏడాది, బండి కడిగాక అడుగున ఉండే బిరడా బిగించడం మరిచి చెరువులోకి దిగాను. సగం దూరం వెళ్లాక సాక్సులు చల్లగా తగిలాయి. తొట్టిలో చేరిన నీటిని బయటికి తోడే బిల్జ్ పంపు ఆగకుండా పనిచేయబట్టి ఒడ్డుకు చేరాను. తప్పు పూర్తిగా నాదే. అప్పటినుంచి బిరడా తీయగానే దాన్ని తాళంచెవికి కట్టేస్తున్నాను.

నీటిలో దిగిన ప్రతిసారీ తొట్టిలో నీరు వంపి, ఇరుసుల బేరింగుల్లోకి పాలరంగు తిరిగిన పాత గ్రీజు బయటికొచ్చేదాకా కొత్తది ఎక్కించాలి, చక్రాలను తిప్పే చైన్ల బిగువు చూడాలి. మూడో ఏడాది బద్ధకించి రెండు బేరింగులు పోగొట్టుకున్నాను. వాటిని మార్చడానికి ఆ పక్క చైన్లన్నీ విప్పవలసి వచ్చింది.