యాప్ కనబడకపోతే ఇంట్లో వెతకాలా, జగదాంబ దాకా వెళ్లాలా?

మొన్న విశాఖ మద్దిలపాలెంలో మా పిన్ని ఫోన్‌లో కరెంటు బిల్లు కట్టే యాప్ కనబడలేదు. ఫోన్ రిపేర్ షాపులో చూపిద్దామని జగదాంబ జంక్షన్‌కి బయల్దేరబోయింది. "ఒక్క నిమిషం ఆగు పిన్నీ" అని ఫోన్ తీసుకుని స్క్రీన్‌ని కింద నుంచి పైకి జరిపాను. వెతికే చోట పేరు కొట్టగానే యాప్ వచ్చింది. పోయింది హోమ్ స్క్రీన్ మీది ఐకాన్ ఒక్కటే.

ఖర్చు: ఇంట్లో అయితే పైసా లేదు. షాపులో వాళ్లడిగినంత, పైగా బస్సు ఛార్జీ.

శ్రమ: ఇంట్లో కాస్త ఓపిక కావాలి. సెట్టింగ్స్‌లో యాప్స్ తెరిచి అది డిసేబుల్ అయిందేమో, అంటే పనిచేయకుండా ఆపేసి ఉందేమో చూడండి. నిజంగానే డిలీట్ అయి ఉంటే ప్లే స్టోర్‌లో మళ్లీ వేసుకోవచ్చు. అదే అకౌంట్‌తో కొన్న యాప్‌కి రెండోసారి డబ్బు కట్టక్కర్లేదు. ఐఫోన్‌లో చివరి పేజీ కూడా దాటి జరిపితే ఫోన్‌లోని యాప్‌లన్నీ ఉండే యాప్ లైబ్రరీ వస్తుంది. షాపులో ఈ పనంతా వాళ్లే చూసుకుంటారు.

రిస్క్: నాకు అసలు టెన్షన్ ఇక్కడే. లాక్ తీసిన ఫోన్ ఇవ్వడమంటే బ్యాంకు, ఫొటోలు, ఓటీపీలు అన్నీ పరాయి చేతిలో పెట్టడమే. ఫ్యాక్టరీ రీసెట్, అంటే ఫోన్‌ని మొత్తం చెరిపి కొత్తదానిలా చేయడం, చేస్తే బ్యాకప్ లేనివన్నీ పోతాయి, వద్దని ముందే చెప్పండి. ఇంట్లో చేసుకున్నా, ఆ యాప్‌లో దాచుకున్నవి చెరిపేసే "క్లియర్ డేటా" మాత్రం నొక్కకండి.

ఐకాన్ పోయినా, పొరపాటున డిలీట్ అయినా ఇంట్లోనే చూసుకోండి. టచ్ పనిచేయకపోయినా, ఫోన్ మాటిమాటికీ ఆగిపోతున్నా షాపుకే వెళ్లండి. పనయ్యేదాకా ఎదురుగానే కూర్చోండి.