తలుపు కింద రాసుకుంటోందా? రందా, చేతిరంపం, కటింగ్ మిషన్‌లలో ఏది మేలు

మా ఇంట్లో ఒకే నెలలో రెండు తలుపులు మొండికేశాయి. మొదటిది నడిమి గది టేకు తలుపు. గడియ వైపు మూల నేలకు తగిలి, గచ్చు మీద కొడవలి వంపులో తెల్లటి గీత పెట్టేసింది. రెండోది పడగ్గది ఫ్లష్ డోర్, అంటే చెక్క చట్రానికి రెండు వైపులా నున్నటి పలక అతికించిన తలుపు. పాత మొజాయిక్ మీదే టైల్స్ అతికించడానికి దాన్ని ఊడదీశారు. పని అయ్యాక చూస్తే నేల అర అంగుళం పైకొచ్చింది, తలుపు మళ్లీ ఎక్కదు. రెండింటికీ మందు ఒకటే అనుకుని కటింగ్ మిషన్ కోసం ఫోన్లు మొదలుపెట్టాను. టేకు తలుపుకి కావాల్సింది స్క్రూడ్రైవరని తర్వాత తెలిసింది.

వానాకాలంలో కర్ర ఉబ్బేది అడ్డానికి. నార పొడవునా పెరిగేది లెక్కలోకి రాదు. అందుకే చెమ్మకు బిగిసిన తలుపు సాధారణంగా గడియ పక్కన పట్టేస్తుంది. అడుగున ఒక్క మూలే గీకుతుంటే పై బందు వదులైందేమో చూడాలి. తలుపు సగం తెరిచి, చివర పట్టుకుని పైకి లేపండి. పై బందు దగ్గర కదలిక కనిపిస్తే దొంగ దొరికినట్టే. స్క్రూ బిగియకుండా ఊరికే తిరుగుతుంటే, మందు తీసేసిన అగ్గిపుల్లలకు ఫెవికాల్ రాసి బెజ్జంలో కుక్కి, ఆరాక మళ్లీ బిగించండి. మా టేకు తలుపు దీంతోనే ముప్పాతిక వంతు దారికొచ్చింది.

మిగిలింది రెండు మిల్లీమీటర్లు. ఆ కాస్తకీ చెక్కను పొరలు పొరలుగా చెక్కే రందాను మించింది లేదు. ఎక్కడ తగులుతోందో అక్కడే పట్టొచ్చు, ఎక్కువ తీసేస్తామన్న టెన్షన్ ఉండదు, ఇల్లంతా పొట్టు ఎగరదు. అయితే అడుగు అంచున రెండు కొసల్లోనూ నిలువు చెక్కల తెగిన మొనలు ఉంటాయి. అక్కడ రందాను లోపలి నుంచి బయటికి తోస్తే చివర పెచ్చు లేస్తుంది. నాకు చింతగింజంత ముక్క ఊడి వచ్చింది. రెండు చివరల నుంచీ మధ్యకు తోయాలని వడ్రంగి మేస్త్రి తర్వాత చెప్పాడు. తగిలీ తగలనట్టుంటే రందా కూడా అక్కర్లేదు. గరుకు కాగితాన్ని నేల మీద గరుకు పైకి ఉండేలా పరిచి, తలుపును దాని మీద నాలుగైదు సార్లు అటూ ఇటూ తిప్పితే చాలు.

ఫ్లష్ డోర్ సంగతి వేరు. నేల పెరిగిన అర అంగుళంతో పాటు కింద సందుకి ఇంకో ఐదారు మిల్లీమీటర్లు కలపాలి. అంత మందాన్ని రందాతో తీయాలంటే పొద్దు గూకుతుంది. ఇక మిగిలేవి చేతిరంపం, కటింగ్ మిషన్. చేతిరంపంతో తిన్నగా కోయడం అలవాటు లేనివాళ్లకు కష్టం. గీత దాటి రంపం పక్కకు పోయిందంటే, కొత్త టైల్స్ గీతల పక్కన ఆ వంకర రోజూ కంట్లో పడుతుంది. మిషన్‌కైతే తలుపు మీద ఒక తిన్నటి పట్టీని క్లాంపులతో బిగించి, దాన్ని ఆనుకుని నడిపితే కోత తిన్నగా వస్తుంది. అందుకే ఈ పనికి నా ఓటు మిషన్‌కే. కాకపోతే దాన్ని పట్టేది చేయి తిరిగిన మేస్త్రి అయి ఉండాలి.

మనవాళ్లు ఎక్కువగా వాడేది టైల్స్ కోసే నాలుగంగుళాల కట్టర్‌నే, దానికి చెక్క కోసే బ్లేడు బిగించి. అది ముప్పై మిల్లీమీటర్ల పైచిలుకే లోపలికి దిగుతుంది, కాబట్టి మందపు తలుపును రెండు వైపుల నుంచీ కోయాలి. రెండు గీతలూ కలవకపోతే అంచున మెట్టు మిగిలిపోతుంది. అసలైన చెక్క కోసే మిషన్ అద్దెకు దొరికితే అదే నయం. ఇనుము కోసే గ్రైండర్‌కి చెక్క కోసే బ్లేడు పెట్టి కోస్తానంటే మాత్రం ఎవరినైనా సరే వద్దనండి. బ్లేడు పట్టేస్తే మిషన్ మనిషి మీదకే ఎగురుతుంది.

మిషన్ పళ్లు కింది నుంచి పైకి కోస్తాయి, కాబట్టి సన్‌మైకా పెచ్చులు పై ముఖానే లేస్తాయి. చేతిరంపం తోసేటప్పుడు కోస్తుంది, దానికి పెచ్చులు అడుగు ముఖాన. ఏది వాడినా గీత వెంట కత్తితో గాటు పెట్టి, మాస్కింగ్ టేప్ అంటించాలి.

కోయక ముందే అడుగున చెక్క పట్టీ ఎంత వెడల్పుందో చూసుకోవాలి. పట్టీ మొత్తం పోతే లోపలి డొల్ల బయటపడుతుంది. అప్పుడు కొత్త పట్టీ అతికించడం అదనపు పని. మాది పోలేదు. కానీ కోసిన అంచు పచ్చి చెక్క. తలుపు ఎక్కించేశాక అక్కడికి బ్రష్ పోదు, రోజూ తడిగుడ్డ పెట్టే ఇల్లు మాది. అందుకే తలుపును బల్ల మీదే ఉంచి ప్రైమర్ రెండు సార్లు పూసి, రెండు రోజులు పడగ్గదికి దుప్పటి కట్టుకున్నాం.