ఫ్రాంషోమ్ చెల్లో వెంట పారిస్‌లో

చెల్లో (వయొలిన్ జాతికి చెందిన పెద్ద తంత్రీ వాద్యం) విద్వాంసుడు ఓగుస్త్ ఫ్రాంషోమ్ నడిచిన దారులు చూడాలనుకునేవారు పారిస్‌లో 9వ వార్డులోనే బస చూసుకోవడం మేలు. 1808లో ఉత్తర ఫ్రాన్స్‌లోని లీల్ నగరంలో పుట్టి, 1825లో పారిస్ కన్సర్వేటరీ అనే సంగీత విద్యాలయంలో ప్రథమ బహుమతి అందుకొని, 1846 నుంచి అక్కడే ఆచార్యుడిగా ఎందరినో తీర్చిదిద్ది, 1884లో కన్నుమూసిన ఆయన జీవితంలోని ముఖ్య స్థలాలు కొన్ని ఆ పేటలోనే, కాలినడకన తిరిగేంత దగ్గరలో ఉన్నాయి.

మేము కాదే మెట్రో స్టేషను దగ్గర ఒక చిన్న హోటల్లో దిగాము. గది ఇరుకు, అల్పాహారానికి విడిగా డబ్బు తీసుకొని బ్రెడ్డు, వెన్న, కాఫీ మాత్రమే పెట్టారు. శాకాహారులు లా షపెల్ ప్రాంతంలోని శ్రీలంక తమిళుల హోటళ్లకు వెళితే వేడి దోసెలు దొరుకుతాయి. రాత్రి భోజనానికి మాకు అవే దిక్కయ్యాయి.

పాత కన్సర్వేటరీలో నేడు నటనా విద్యాలయం నడుస్తోంది. 1811 నాటి కచేరీ మందిరం అక్కడ ఇంకా నిలిచి ఉంది కానీ, ప్రదర్శన ఉంటే తప్ప లోపలికి వెళ్లడం కష్టం కనుక ముందుగా కార్యక్రమాల పట్టిక చూసుకోవాలి. స్వరకర్త, పియానో విద్వాంసుడు షోపాన్ నివసించిన ఓర్లెయాన్ చతురస్రం నన్ను ఎక్కువసేపు నిలబెట్టింది. స్నేహితుడైన ఫ్రాంషోమ్‌కు అంకితమిచ్చిన చెల్లో సొనాటాను (చెల్లో, పియానోల కోసం పలు భాగాలుగా రాసిన కృతిని) షోపాన్ ఆ ఇంట ఉన్న రోజుల్లోనే పూర్తిచేశాడు. 1848 ఫిబ్రవరి 16న ప్లేయెల్ మందిరంలో, పారిస్‌లో తన చివరి కచేరీలో, మొదటి భాగం వదిలి మిగిలిన మూడు భాగాలను ఆ స్నేహితుడితో కలిసి వాయించాడు. ఆ మందిరం ఉండిన రోష్‌షువార్ వీధిలో మాత్రం ఇప్పుడు చూడదగినదేమీ లేదు.

టికెట్టు డబ్బుకు పూర్తి విలువ దక్కేది లా వీలెట్‌లోని సంగీత మ్యూజియంలోనే. గార్ దు నోర్ రైల్వే స్టేషను నుంచి 5వ లైను మెట్రోలో పోర్త్ ద పాంతాన్ దగ్గర దిగాలి. మెట్రో కార్డు ఎవరిది వారికే ఉండాలి, ఒకే కార్డుతో ఇద్దరు కలిసి వెళ్లడం కుదరదు. ఫ్రాంషోమ్ 1843లో కొని జీవితాంతం వాయించిన 1711 నాటి చెల్లో, ప్రఖ్యాత ఇటలీ వాద్య నిర్మాత స్ట్రాడివారి చేసినది, ఇక్కడ లేదు; అది 1974లో చెల్లో విద్వాంసుడు రోస్ట్రోపోవిచ్ చేతికి చేరింది. అయినా పాత వాద్యాలను అద్దానికి దగ్గరగా వంగి చూస్తే, వాయించేవారి శరీరానికి రాసుకున్న చోట వార్నిష్ పలచబడి లేత చెక్క బయటపడటం కనిపిస్తుంది. కింద ఆనించే ఇనుప ముల్లు ఇంకా వాడుకలోకి రాని కాలంలో చెల్లోను పిక్కల మధ్య ఇరికించుకొని వాయించేవారు. ఆ భంగిమలో, ఫ్రెంచి సంప్రదాయం కోరే తేలికైన విల్లు (కమాను) పట్టుతో, గంటల తరబడి పాఠం చెప్పడానికి ఎంత సాధన కావాలో అక్కడ నిలబడితే బోధపడుతుంది. గదుల మధ్య కళాకారులు కూర్చుని వాయిస్తూ, అడిగినవారికి ఓపికగా వివరించడం ఈ మ్యూజియంలో నాకు అన్నిటికన్నా నచ్చిన ఏర్పాటు. సోమవారం సెలవు.

లీల్‌కు రైలులో సుమారు గంట ప్రయాణం. ఊరు అందమైనదే కానీ, ఫ్రాంషోమ్ కోసమే వెళ్లదలచినవారు ఆ ఛార్జీలను లా వీలెట్‌లో ఒక సాయంత్రపు చెల్లో కచేరీకి వెచ్చించడం మంచిదని నా అభిప్రాయం.