పేకముక్కల వెంట హైదరాబాద్‌లో మూడు రోజులు

మా నాన్నతో రైలెక్కితే సూట్‌కేసు సీటు కిందకి పోదు. మోకాళ్ల మీద ఉండాలి, దాని మీద తుండు పరవాలి, ముక్కలు పంచాలి. బందరులో రైలు కదిలిన పది నిమిషాలకే ఎదురు సీటు దంపతుల్ని రమ్మీలోకి లాగేశాడు. పైసల్లేవు, కౌంటు రాసుకునే కాగితం మాత్రం ఉంది. గుడివాడ దాటేసరికి నాకు రెండు ఫుల్ కౌంట్లు, అంటే రెండు ఆటలు చిత్తుగా ఓడిపోయాను. "లైఫ్ లేకుండా ఆసులు దాచుకుంటే మునిగిపోతావే అమ్మాయ్" అని ముప్పై ఏళ్లుగా చెబుతున్న మాటే మళ్లీ చెప్పాడు. (లైఫ్ అంటే జోకరు కలవకుండా ఒకే రంగులో వరసగా కుదిరే ముక్కలు.)

అసలీ ప్రయాణం కూడా ముక్కల కోసమే. నాన్న కోర్టులో హెడ్ క్లర్కుగా రిటైరయ్యాడు. ఎక్కడో గంజీఫా అనే, చేత్తో బొమ్మలు వేసిన పాతకాలపు పేక గురించి చదివినప్పటి నుంచి ఆ గుండ్రటి ముక్కల్ని ఒక్కసారి చేత్తో పట్టుకుని చూడాలని కూర్చున్నాడు. ఒకప్పుడు నిర్మల్‌లో నకాష్ పనివాళ్లు, అంటే రంగుల బొమ్మలు వేసే పనివాళ్లు, వాటిని వేసేవాళ్లు. నిర్మల్ దాకా బస్సులో కూర్చోలేను, హైదరాబాద్‌లో దొరికితే చూద్దామన్నాడు. డెబ్బై రెండేళ్ల మనిషి, మోకాళ్ల నొప్పులు. కాబట్టి పెద్దవాళ్లతో వెళ్లేవాళ్లకి పనికొచ్చే సంగతులే ఎక్కువ రాస్తాను.

ముందు బస గురించి. సికింద్రాబాద్ స్టేషన్ ఎదురుగా లాడ్జీలు వరసగా ఉంటాయి, రైలు దిగినవాళ్లకి సౌకర్యం. మేం దిగిన లాడ్జీ పేరెందుకులెండి. రోజుకి పద్నాలుగు వందలు, గది శుభ్రంగానే ఉంది, లిఫ్టు మాత్రం మొదటి అంతస్తు నుంచి. అంటే కింద ఇరవై మెట్లు ఎక్కాకే లిఫ్టు! వేణ్ణీళ్లు ఎనిమిది దాకానే అని మాకు ఎనిమిదిన్నరకి చెప్పారు. కౌంటరు వెనక గోడ మీద పెద్ద అక్షరాలతో బోర్డు: గదుల్లో మద్యం, పేకాట నిషేధం.

స్నానాలయ్యాక ఒక ఆట వేద్దామని మంచం మీద ముక్కలు పంచాం. మంచినీళ్లు తెచ్చిన కుర్రాడు చూసి కిందకి చెప్పినట్టున్నాడు, ఐదు నిమిషాల్లో మేనేజరు తలుపు దగ్గరున్నాడు.

"సార్, ముక్కలు లోపల పెట్టుండ్రి. పైసలు పెట్టకపోయినా తలనొప్పి మాకే అయితది."

"తండ్రీ కూతురు రమ్మీ ఆడుకుంటే నేరమా అండీ?"

"మీరు తండ్రీ కూతురని నాకు తెలుసు సార్. పోలీసోళ్లకి ఎట్ల తెలుస్తది?"

నాన్న బేస్తు పోయాడు. (ఆ మాట కూడా పేకాటలోంచి వచ్చిందే. బేస్తు అని ఒక ఆట ఉండేది, ఆట పోయి మాట మిగిలింది.) కానీ కోర్టు మనిషి కదా, ఊరుకోడు. మేనేజరుని నిలబెట్టి కేసు చెప్పాడు. 1963లో ఇదే సికింద్రాబాద్‌లో ఒక క్లబ్బు మీద పోలీసులు దాడి చేసి రమ్మీ ఆడుతున్నవాళ్లని పట్టుకున్నారు. నిజాం కాలం నాటి హైదరాబాద్ జూదం చట్టం కింద కేసు. అది సుప్రీంకోర్టు దాకా పోయింది. 1967 నవంబరులో జస్టిస్ హిదయతుల్లా రాసిన తీర్పులో, మూడు ముక్కలాటలాగా రమ్మీ ఉత్త అదృష్టం కాదనీ, పడిన ముక్కల్ని గుర్తుపెట్టుకోవాలనీ, ఏది ఉంచుకోవాలో ఏది పారెయ్యాలో తెలియడానికి నేర్పు కావాలనీ ఉంది. దేశంలో రమ్మీ మీద ఎక్కడ వాదన జరిగినా ముందు ఎత్తేది ఈ కేసే. మేనేజరు ఓపిగ్గా అంతా విని, "2017ల చట్టం మార్చిండ్రు కద సార్" అన్నాడు. నిజమే. తెలంగాణ తన గేమింగ్ చట్టాన్ని ఆ ఏడాది సవరించి, డబ్బు పెట్టి ఆడే రమ్మీని ఆన్‌లైన్‌తో సహా ఆపేసింది. మేం ఆడింది డబ్బు పెట్టి కాదు, అది వేరే సంగతి. ఆ కుర్రమేనేజరుకి నాన్న కన్నా చట్టం బాగా వచ్చు.

మర్నాడే నారాయణగూడలో ఒక సర్వీస్ అపార్ట్‌మెంటుకి మారిపోయాం. రోజుకి ఇరవై మూడు వందలు. తొమ్మిది వందలు ఎక్కువే గానీ వంటగది ఉంది, లిఫ్టు నేల మీద నుంచే ఉంది, ముఖ్యంగా గోడ మీద బోర్డు లేదు. పైగా మెట్రో స్టేషన్ దగ్గర. పెద్దవాళ్లతో వచ్చేవాళ్లు స్టేషన్ పక్కనే ఉండాలన్న ఆశ వదులుకుని మెట్రో పక్కన చూసుకోండి. సికింద్రాబాద్ నుంచి సామానుతో మారిన రోజు ఆటో అతను రెండు వందల యాభై అడిగాడు, బేరమాడితే మొహం తిప్పుకున్నాడు. ఆ తర్వాత నుంచి మెట్రోనే. ఎస్కలేటరు పని చేసినంతసేపూ నాన్న దాన్ని మెచ్చుకుంటూనే ఉన్నాడు.

సాలార్‌జంగ్ మ్యూజియానికి మొదటి రోజే వెళ్లాం. మెట్రోలో ఎం.జి.బి.ఎస్. (మహాత్మాగాంధీ బస్ స్టేషన్) స్టేషన్‌లో దిగితే మూసీ దాటి కాస్త దూరం. నడవొచ్చు గానీ ఎండలో వద్దు. శుక్రవారం సెలవు, గుర్తుపెట్టుకోండి. మేలిముసుగు రెబెక్కా శిల్పం ముందు అందరిలాగే మేమూ నోరెళ్లబెట్టాం. పాలరాతిలో బట్ట ఎలా పారదర్శకంగా కనిపిస్తుందో ఎన్నిసార్లు చూసినా అర్థం కాదు. గంట కొట్టే గడియారం దగ్గర బెంచీల మీద జనం సినిమాకొచ్చినట్టు కూర్చుని ఉన్నారు, నాన్నకి అదే బాగా నచ్చింది, కూర్చోడానికి చోటుంది కాబట్టి. మేం తిరిగిన గదుల్లో గంజీఫా కంటపడలేదు. రెండు గంటలకే మోకాళ్లు మొరాయించాయి, సగం మ్యూజియం మిగిలే ఉంది. ఒక్క పూటలో అయ్యే పని కాదు. గోల్కొండ మెట్ల మాట ఎత్తకుండానే మానుకున్నాం.

అక్కణ్ణుంచి చార్మినార్ దగ్గరికి చాయ్ కోసం. నిమ్రా కేఫ్‌లో నిలబడి తాగాలి, నాన్నకి కష్టమే అయినా ఉస్మానియా బిస్కెట్ ముంచి తిన్నాక నొప్పి మాట ఎత్తలేదు. పక్కన చాయ్ తాగుతున్న పెద్దాయనతో మాట కలిసింది. ఎక్కడికెళ్లినా నాన్న సంగతి అంతే. జేబులోంచి పేక తీసి చూపిస్తూ మీరు దీన్నేమంటారని ఒక్కో ముక్కా అడిగాడు. ఆయన గడగడా చెప్పేశాడు: ఇస్పేటు హుకుం, ఆఠీను పాన్, కళావరు చిడీ, డైమను ఈంట్. ఆసు ఇక్కా, రాజు బాద్షా, రాణి బేగం, జాకీ గులాం. ఈంట్ అంటే ఇటుక, పాన్ అంటే తమలపాకు. ఆఠీను బొమ్మని చూస్తే నిజంగానే ఆకులా ఉంది. ఇన్నేళ్లలో మాకెప్పుడూ ఆ పోలిక తట్టలేదు.

అప్పుడు నాన్న తన తురుపు ముక్క తీశాడు. కళావరు డచ్చి మాట, క్లావర్ అంటే మూడాకుల గడ్డి. ఆఠీను కూడా వాళ్లదే, హార్టెన్ అంటే హృదయాలు. ఇస్పేటు పోర్చుగీసు ఎస్పాడా, అంటే కత్తి. డైమను మాత్రం ఇంగ్లీషు. డచ్చివాళ్లు 1605లో మా బందరులో వర్తకం కొట్టు పెట్టారు, అప్పటికి హైదరాబాద్ పుట్టి పద్నాలుగేళ్లు, బందరు గోల్కొండ సుల్తానుల రేవు. "కాబట్టి కళావరు మా రేవులో దిగే మీ ఊరికొచ్చిందండీ" అని నాన్న తేల్చేశాడు. ఓడలో ఎవరు తెచ్చారో నాన్నకేమీ తెలియదు, ఊరభిమానం అంతే. పెద్దాయన నవ్వి, "మా ఊళ్లో చిడీ అయిపోయింది కదా, ఇక మీది ఎట్లా అవుతుంది" అన్నాడు.

ఆదివారం పొద్దున ఆబిడ్స్ ఫుట్‌పాత్‌ల మీద పాత పుస్తకాలు. ఎండ ముదరకముందే వెళ్లండి, తాగడానికి నీళ్లు పట్టుకెళ్లండి, కూర్చునే చోటు ఆశించకండి. నేను పుస్తకాలు చూస్తుంటే నాన్న ఒక పాత అట్టపెట్టె పట్టుకుని వచ్చాడు. కాగితం పేక. ఇప్పుడొచ్చే ప్లాస్టిక్ ముక్కలు జారిపోతాయి, ఇవి కలుపుతుంటే టపటపమంటాయి. అంచులు మెత్తబడి బట్టలా వంగుతున్నాయి. నలభై రూపాయలు. నాన్న అక్కడే గట్టు మీద కూర్చుని లెక్కపెట్టాడు, యాభై ఒకటి వచ్చాయి. పోయింది కళావరు రాణి. అమ్మేవాడు "అందుకే నలభై" అన్నాడు. కొన్నాం.

అదే పేకలో నాన్న నాకు బొమ్మముక్కలు చూపించాడు. నలుగురు రాజుల్లో ఆఠీను రాజుకి మీసం ఉండదు, పైగా కత్తి సొంత తలలో గుచ్చుకున్నట్టు పట్టుకుంటాడు. డైమను రాజు పక్కకి తిరిగి ఉంటాడు, ఒక్క కన్నే కనిపిస్తుంది, వెనక గొడ్డలి. ఇస్పేటు, ఆఠీను జాకీలదీ ఒంటి కన్నే. ఇన్ని వేల ఆటలు ఆడి ఒక్కసారి కూడా వాళ్ల మొహాలు చూడలేదు నేను, అంకె చూసి పారేశాను. ఇక జోకరు వీళ్లందరికన్నా చిన్నవాడు, 1860ల్లో అమెరికాలో పుట్టాడు. వాడు లేకుండా మన రమ్మీ ఊహించలేం.

చివరి రోజు శిల్పారామం. మెట్రో మారుకుంటూ పోయి హైటెక్ సిటీ స్టేషన్‌లో దిగాలి. సిటీలో పెద్దవాళ్లతో తిరగడానికి ఇంతకన్నా హాయైన చోటు నాకు కనిపించలేదు. చెట్లున్నాయి, గట్లున్నాయి, ఎవరూ తొందరపెట్టరు. తిండి మాత్రం మామూలే, ఇంటి నుంచి పులిహోర తెచ్చుకోవడం మేలు. దుకాణాల్లో సగం సరుకు ఎక్కడైనా దొరికే సరుకే. ఓపిగ్గా వెతకాలి.

వెతికితే దొరికింది. పటచిత్రాలు అమ్ముతున్న ఒక ఒడియా కళాకారుడు, పూరీ దగ్గర ఊరు, కొన్నాళ్లు బరంపురంలో ఉన్నాడట, తెలుగు వచ్చు. గంజీఫా ఉందా అని అడిగితే "గంజపా" అని సరిదిద్ది, చిన్న చెక్కపెట్టె తీశాడు. రూపాయి బిళ్ల కన్నా పెద్దవి, పూరీ కన్నా చిన్నవి, గుండ్రటి ముక్కలు. నాన్న చేతులు తుండుతో తుడుచుకుని మరీ పట్టుకున్నాడు. పాతబట్టల పొరల్ని చింతగింజల జిగురుతో అతికించి, సుద్ద పూసి, ఆరాక బొమ్మ వేస్తారు. గోటితో తడితే ఎండిన అప్పడంలా చప్పుడొచ్చింది. వెనక రంగు అన్నిటికీ ఒకటే, ముందు వైపు నేల రంగుని బట్టి ఏ జట్టో తెలుస్తుంది.

అతని దగ్గరున్నది దశావతారాల పేక. అవతారానికి పన్నెండు ముక్కలు, మొత్తం నూట ఇరవై. మత్స్యానికి చేపలు, కూర్మానికి తాబేళ్లు, పరశురాముడికి గొడ్డళ్లు, అంకె ఎంతో అన్ని బొమ్మలు. పైన రాజు, మంత్రి. మొగలాయిలది తొంభై ఆరు ముక్కల పేక, ఎనిమిది జట్లు: కిరీటం, కత్తి, బంగారు నాణెం, వెండి నాణెం, వీణ లాంటి వాద్యం, ఫర్మానా కాగితం, సరుకు, గులాం. చార్మినార్ దగ్గర జాకీ పేరుగా విన్న గులాం అక్కడ ఏకంగా ఒక జట్టు! బాబరు 1527లో సింధు పాలకుడికి గంజీఫా పంపినట్టు తన జ్ఞాపకాల్లో రాసుకున్నాడు. అంకెల ముక్కల్లో సగం జట్లకి పది పెద్ద, మిగతా సగానికి ఒకటి పెద్ద. దశావతారాల ఆట పగలైతే రాముడి రాజు ఉన్నవాడు మొదలుపెట్టాలి, రాత్రయితే కృష్ణుడి రాజు ఉన్నవాడు. నాన్నకి ఇది మహా నచ్చింది. "చీకటి పడితే రూలు మారిపోద్దంటే, సంజవేళ గొడవలయ్యేవేమో" అన్నాడు.

నాకు వేరే ఆలోచన తట్టింది. పెట్టె అంతా తిరగేశాను. రాజులున్నారు, మంత్రులున్నారు, రాణి లేదు. మొగలాయి పేకలోనూ అంతే, మీర్ అనే రాజు, వజీర్ అనే మంత్రి. స్పెయిన్ పేకలో కూడా రాజు, గుర్రం మీద రౌతు, సేవకుడు ముగ్గురూ మగవాళ్లే. రాణి మన చేతికి ఫ్రెంచి తరహా పేకతోనే వచ్చింది. "మా పేకలో నాలుగు రంగులకే నలుగురు రాణులున్నారు, ఇన్ని అవతారాల్లో ఒక్కరికీ చోటు లేదా" అని కళాకారుణ్ణి అడిగితే, "అమ్మా, నేను వేసేవాణ్ణి, రూలు పెట్టినవాణ్ణి కాదు" అన్నాడు. పూర్తి పెట్టె ధర వేలల్లో చెప్పాడు. నెలల పని, ఎక్కువని అనలేం, కానీ మా వల్ల కాలేదు. అడిగితే చిల్లు పడిన మరో పెట్టెలోంచి విడిగా రెండు ముక్కలిచ్చాడు: మత్స్యం రాజు, కృష్ణుడి ఆరు, అంటే ఆరు ఆవులు.

తిరుగు రైలు రాత్రికి. ఈసారి ఎదురు సీట్లో ఇద్దరు కాలేజీ కుర్రాళ్లు, ఫోన్లు పక్కన పెట్టడానికి గంట పట్టింది. నాన్న సూట్‌కేసు మీద తుండు పరిచి, ఆబిడ్స్ పేక, తన పేక కలిపాడు. రెండు పేకలకి ఒక కళావరు రాణి తక్కువ. ఆ చోట మత్స్యం రాజుని పెట్టాడు. గుండ్రటి ముక్క కావడంతో అది ఎవరి చేతిలో ఉందో బోగీ మొత్తానికి కనిపిస్తోంది. మూడో ఆటలో నాకే వచ్చింది. చేతిలో కళావరు జాకీ, రాజు ఉన్నాయి, చేప మధ్యలో కూర్చుంటే లైఫ్ అయిపోయింది. ఎవరూ నాకు కావాల్సిన ముక్క పారెయ్యలేదు.