టంకశాల ఉన్న ఊళ్ళోనే ఆ దేశపు డబ్బు చెల్లలేదు: మా బొలీవియా యాత్ర

బొలీవియా వెళ్ళదలచినవారికి నేను అన్నిటికన్నా ముందు చెప్పవలసింది పొటోసి నగరంలో మాకు జరిగిన అన్యాయం గురించే. 2025 జూలైలో నేను, నా భార్య, మా అక్క, బావగారు కలిసి సూక్రే, పొటోసి, లా పాజ్ నగరాలను చూసి వచ్చాము. ఆ దేశపు రాజకీయ చరిత్రను అది నడిచిన చోట్లనే నిలబడి తెలుసుకోవాలన్నది బావగారి చిరకాల కోరిక. బ్యాంకులో విదేశీ మారకద్రవ్య విభాగంలో పనిచేసి పదవీ విరమణ చేసినవారు కాబట్టి, ఏ దేశం పేరెత్తినా ఆయన మొదట దాని నాణెం గురించే మాట్లాడతారు. పొటోసి బసలో జరిగిన వ్యవహారం మా అందరికన్నా ఆయననే ఎక్కువగా బాధించింది.

పాత పట్టణం నడిబొడ్డున, వలస పాలన నాటి ఇంటిని మార్చి నడుపుతున్న బస అది, పేరు రాయను. గదికి రాత్రికి 45 డాలర్లని, గదిలో హీటరు, రోజంతా వేడినీళ్ళు ఉంటాయని, డబ్బు అక్కడికి చేరాకే చెల్లించవచ్చునని ఇంటర్నెట్‌లో రాసి ఉంది. మేము సూక్రేలోని ఏటీఎం నుంచి ఆ దేశపు డబ్బైన బొలీవియానోలు తీసుకొని వెళ్ళాము. డాలరుకు 6.96 బొలీవియానోలన్నది 2011 నుంచి అప్పటిదాకా కదలని అధికారిక ధర కనుక, గదికి 313 బొలీవియానోలు ఇస్తే సరిపోవాలి. డాలరు నోట్లయితేనే 45 చెల్లుతుందని, బొలీవియానోలయితే బ్యాంకు బయట నడిచే వీధి ధర ప్రకారం డాలరుకు 14 చొప్పున లెక్కగట్టి 630 ఇవ్వాలని, కార్డు మాత్రం తీసుకోబోమని యజమాని చెప్పాడు. బుకింగు పత్రంలో ఈ షరతు ఎక్కడుందో చూపమని బావగారు అడిగితే, అతడు తల కూడా ఎత్తకుండా గోడకు అంటించిన చేతిరాత కాగితాన్ని చూపించాడు. సముద్రమట్టానికి 4,000 మీటర్ల పైనున్న ఊరది. చీకటి పడింది, చలి ఎముకల్లోకి దిగుతోంది, అక్క తలనొప్పితో అక్కడి బల్లమీదే వాలిపోయింది. ఆ స్థితిలో ఇంకో బస వెతుక్కోవడం మావల్ల కాలేదు. దాచుకున్న డాలర్లు తీసి ఇచ్చాము. వాటిలో ఒక వంద డాలర్ల నోటు మీద చిన్న పెన్ను గీత ఉందని దాన్ని తిప్పికొట్టి, వేరే నోటు అడిగి పుచ్చుకున్నాడు.

గదిలోకి వెళ్ళి చూస్తే హీటరు లేదు. అడిగితే, రాత్రికి 50 బొలీవియానోలు అదనమన్నాడు; ఆ డబ్బు మాత్రం బొలీవియానోల్లో ఏ అభ్యంతరమూ లేకుండా తీసుకున్నాడు. వేడినీళ్ళ సంగతి చెప్పనక్కరలేదు. మా అక్క స్వెటర్ల మీద స్వెటర్లు తొడుక్కొని పడుకుంది, ఆ రాత్రి ఎవరితోనూ మాట్లాడలేదు.

ఆ ఊరిలో ఒకే డబ్బుకు రెండు ధరలు ఎందుకున్నాయో తెలియాలంటే గత ఇరవై ఏళ్ళ రాజకీయం తెలియాలి. 2005 డిసెంబరు ఎన్నికల్లో గెలిచి, ఆ దేశానికి తొలి ఆదివాసీ అధ్యక్షుడైన ఎవో మొరాలెస్ 2006 మే 1న సహజవాయువును ప్రభుత్వ అధీనంలోకి తెచ్చాడు. బ్రెజిల్, అర్జెంటీనాలకు వాయువు అమ్మగా వచ్చిన సొమ్ముతో పేదరికం నిజంగానే తగ్గింది, విదేశీ నిల్వలు 2014 నాటికి సుమారు 1,500 కోట్ల డాలర్లకు చేరాయి. ఆ తరువాత వాయువు ఉత్పత్తి పడిపోయింది, కొత్త నిక్షేపాలు చాలినన్ని దొరకలేదు. అయినా మారకపు ధరను అక్కడే పట్టి ఉంచడానికి, పెట్రోలు, డీజిలు చవకగా అమ్మడానికి ఉన్న నిల్వలను కరిగించారు. 2023 ఆరంభంలో బ్యాంకుల్లో డాలర్లు కరువై, వీధిలో వాటి ధర పెరిగింది. సూక్రే నుంచి పొటోసికి బస్సులో 30 బొలీవియానోలిచ్చి వెళ్తున్నప్పుడు, డీజిలు కోసం రోడ్డు పక్కన బారులు తీరిన లారీలను చూశాము. ప్రభుత్వం చేసిన తప్పుకు యజమాని ఏం చేస్తాడని నా భార్య అతడిని కొంత సమర్థించింది. ఆమె మాటలో న్యాయముంది. కానీ ఆ షరతును ముందే రాసి ఉంచకపోవడం ప్రభుత్వపు తప్పు కాదు, అది వచ్చిన అతిథిని మోసగించడమే.

మరునాడు ఉదయం చూసిన జాతీయ టంకశాల ఆ బాధను ఇంకా పెంచింది. 1545లో సెర్రో రికో కొండలో వెండి బయటపడటంతో పొటోసి పుట్టింది. 1570ల్లో స్పెయిన్ రాజప్రతినిధి ఫ్రాన్సిస్కో దె టొలేడో మిటా అనే నిర్బంధ శ్రమ విధానాన్ని గనులకు వర్తింపజేసి, చుట్టుపక్కల రాష్ట్రాల ఆదివాసీ పురుషుల్లో ఏడో వంతు మందిని వంతులవారీగా ఇక్కడికి తోలించాడు. అలా తీసిన వెండి స్పెయిన్ యుద్ధాలను నడిపింది, ఐరోపా వర్తకుల చేతులు మారి ఆసియాకు వచ్చింది. మచిలీపట్నం రేవులో మన నేతగాళ్ళ బట్టలు కొన్న వెండిలోనూ స్పానిష్ అమెరికా గనుల వాటా ఉంది. 1759 నుంచి 1773 దాకా కట్టిన ఈ భవనంలో, వెండి కడ్డీలను పలుచని రేకులుగా సాగదీసిన పెద్ద పెద్ద చెక్కయంత్రాలు చెక్కుచెదరకుండా ఉన్నాయి. పై అంతస్తులో యంత్రం, కింది చీకటి గదిలో దానిని తిప్పే కంచరగాడిదలు. మార్గదర్శి లేకుండా లోపలికి పంపరు, అది మంచిదే. మాకు దొరికిన అమ్మాయి ఒక్క ప్రశ్ననూ దాటవేయలేదు. ఇప్పుడు బొలీవియా నాణేలు ఎక్కడ ముద్రిస్తున్నారని బావగారు అడిగితే, విదేశాల్లో అని ఆమె సూటిగా చెప్పింది. ప్రపంచానికి నాణేలు పోసి ఇచ్చిన ఊళ్ళో తన దేశపు నాణేన్ని ఒక బస యజమాని సగం విలువకు కూడా తీసుకోనన్న సంగతి ఆయన ఆమెతో చెప్పుకున్నారు. ఆమె క్షమాపణ అడిగింది. ఆమె అడగవలసిన అవసరం ఏముంది?

సెర్రో రికో కొండ గనిలోకి బావగారు, నేను మాత్రమే వెళ్ళాము. మనిషికి 150 బొలీవియానోలు. 1952 విప్లవంలో విక్టర్ పాజ్ ఎస్టెన్‌సోరో ప్రభుత్వం పటీన్యో, హోష్‌షిల్డ్, అరమాయో అనే ముగ్గురు తగరపు ప్రభువుల గనులను జాతీయం చేసింది. అదే పాజ్ ఎస్టెన్‌సోరో 1985లో మళ్ళీ అధ్యక్షుడై, విపరీతమైన ద్రవ్యోల్బణాన్ని అణచడానికి 21060 నంబరు ఆజ్ఞను జారీ చేశాడు. దాని వెనుకే ఇరవై వేల మందికి పైగా ప్రభుత్వ గని కార్మికుల ఉద్యోగాలు పోయాయి. ఇప్పుడు కొండలో పనిచేసేది సహకార సంఘాలవారు. నెలజీతం లేదు, దొరికిన ముడిఖనిజాన్ని బట్టే కూలి, పేలుడు మందు ఖర్చు కూడా వారిదే. ఆ చీకటిలో మోకాళ్ళ మీద పాకుతూ వినోదం వెతుక్కునేవారు దయచేసి వెళ్ళవద్దు. మాజీ కార్మికుడే మార్గదర్శిగా దొరికితే, పనివారికి కోకా ఆకులు, శీతల పానీయాలు కొని తీసుకువెళ్ళగలిగితే, అప్పుడు వెళ్ళండి.

సూక్రేలో బస, బండి, మనుషులు అంతా సజావుగా జరిగింది. స్వాతంత్ర్య భవనం మాత్రం ఎవరూ వదలకూడనిది. ఈ ఊరికి పేరైన సేనాని సూక్రే 1824 డిసెంబరు 9న పెరూలోని అయాకూచోలో స్పెయిన్ సైన్యాన్ని ఓడించిన తరువాత, 1825 ఆగస్టు 6న ఈ హాలులోనే బొలీవియా స్వాతంత్ర్య ప్రకటన జరిగింది. గెరిల్లా దళాలను నడిపి భర్తను, బిడ్డలను పోగొట్టుకున్న హువానా అసుర్దుయి అస్థికలు ఇక్కడే ఉన్నాయి. ఆమె 1862లో కటిక పేదరికంలో చనిపోయిందని విని అక్క కళ్ళు తుడుచుకుంది. అయితే ఆ హాలులో కూర్చున్నవారిలో దేశ జనాభాలో అధికసంఖ్యాకులైన ఆదివాసుల ప్రతినిధులు లేరు. కొత్త గణతంత్రం వారి నుంచి వలసకాలపు తలపన్నును దశాబ్దాలపాటు వసూలు చేస్తూనే ఉంది. చదువు రానివారికి, స్త్రీలకు ఓటు రావడానికి 1952 దాకా ఆగవలసి వచ్చింది. మేము వెళ్ళినప్పుడు ద్విశతాబ్ది ఉత్సవాలకు వీధి గోడలకు తెల్లరంగు వేస్తున్నారు. ఆ హాలులో చోటు దక్కనివారి సంగతి కూడా ఆ ఉత్సవాల్లో వినబడి ఉండాలని నా కోరిక.

లా పాజ్‌లో గదికి 280 బొలీవియానోలు, మారుమాట లేకుండా ఆ దేశపు డబ్బే తీసుకున్నారు. మురీయో చౌరస్తాలో 1946 జూలై 21న అధ్యక్షుడు గ్వాల్బెర్తో విల్యారోయెల్‌ను జనం చంపి వేలాడదీసిన దీపస్తంభం చోటు చూపుతారు. ఎదుటి శాసనసభ భవనం మీది గడియారం ముళ్ళను 2014లో ఎడమవైపుకు, అంటే వెనక్కి తిరిగేట్టు మార్చారు. 2024 జూన్ 26న తిరుగుబాటు ప్రయత్నంలో సైనిక వాహనం పాత అధ్యక్ష భవనపు తలుపును గుద్దినది కూడా ఈ చౌరస్తాలోనే. హాయెన్ వీధిలోని సముద్రతీర మ్యూజియం చిన్నది కానీ అవసరమైనది: 1879లో మొదలైన యుద్ధంలో బొలీవియా తన సముద్రతీరమంతా చిలీకి పోగొట్టుకుంది, 2018 అక్టోబరు 1న అంతర్జాతీయ న్యాయస్థానంలోనూ ఓడిపోయింది.

ఈ యాత్రలో మా అందరి మనసులూ కుదుటపడింది ఒక మధ్యాహ్నపు భోజనంతో. అక్క శాకాహారి, అప్పటికి రొట్టె, అరటిపండ్లతో విసిగిపోయి ఉంది. లా పాజ్ మార్కెట్టులో ఒక పెద్దావిడ 'ప్లాతో పాసెన్యో' అనే వంటకం పెట్టింది: ఉడికించిన మొక్కజొన్న కంకి, బంగాళాదుంపలు, పెద్ద చిక్కుడుగింజలు, వేయించిన జున్ను, పళ్ళెం 25 బొలీవియానోలు. పక్కన టమాటా, లొకోటో అనే మిరపకాయ రాతి మీద నూరి చేసిన యాహ్వా అనే పచ్చడి, మన ఇంటి రోటిపచ్చడి ఎలా ఉంటుందో అలాగే నాలుకకు తగిలింది. 1781లో టూపక్ కటారి నాయకత్వంలో ఆదివాసీ సేనలు లా పాజ్‌ను నెలల తరబడి ముట్టడించినప్పుడు, లోపల మిగిలిన దినుసులతో ఈ వంటకం పుట్టిందని అక్కడివారు చెప్పుకుంటారు. కటారిని, అతని భార్య బార్తొలీనా సీసాను స్పెయిన్ అధికారులు క్రూరంగా చంపారు. అక్క రెండో పళ్ళెం అడిగింది, బావగారు ఆ రోజంతా మారకపు ధర మాటెత్తలేదు.

భోజనం తరువాత కేబుల్‌కారులో లా పాజ్‌కు పైన ఉన్న ఎల్ ఆల్టో నగరానికి ఎక్కండి; మేము వెళ్ళినప్పుడు మనిషికి 3 బొలీవియానోలు. 2003 అక్టోబరులో సహజవాయువును చిలీ రేవుల మీదుగా ఎగుమతి చేయవద్దంటూ తిరగబడి, అరవై మందికి పైగా ప్రాణాలు పోయినా వెనక్కి తగ్గక, అధ్యక్షుడు సాంచెస్ దె లొసాదాను దేశం వదిలి పారిపోయేట్టు చేసిన ఊరది. అంత తక్కువ ఖర్చుకు అంత చరిత్రను చూపించే ప్రయాణం నేను వేరెక్కడా చేయలేదు.

మా యాత్ర తరువాత, 2025 అక్టోబరు 19న జరిగిన ఎన్నికలో రోడ్రిగో పాజ్ గెలిచి, మొరాలెస్ స్థాపించిన పార్టీ సుదీర్ఘ పాలన ముగిసింది కనుక, నేను రాసిన ధరలు మారి ఉండవచ్చు. బస బుక్ చేసేముందు ఏ డబ్బులో, ఏ ధరకు తీసుకుంటారో రాతపూర్వకంగా జవాబు తెప్పించుకోండి. మడత, గీత లేని కొత్త డాలరు నోట్లు వెంట ఉంచుకోండి. లా పాజ్‌లో నేరుగా దిగకుండా 2,800 మీటర్ల ఎత్తునున్న సూక్రేలో ముందు ఒళ్ళు అలవాటు పడనివ్వండి. పెద్దవాళ్ళు వెంట ఉంటే పొటోసిలో రాత్రి ఉండకండి, సూక్రే నుంచి తెల్లవారుజామున బయలుదేరితే టంకశాల చూసుకొని చీకటి పడేసరికి తిరిగి రావచ్చు.